పదహారో జెర్సీ

నా దుకాణంలో ఫుట్‌బాల్ జెర్సీలు పదకొండు అమ్మను. పదహారు తీసుకుంటేనే పేర్లు, నంబర్లు ప్రింటు చేసి ఇస్తాను. సిద్దిపేట పాత బస్టాండు దగ్గర ఈ ఆటసామాన్ల దుకాణం పెట్టిన రోజు నుంచీ ఇదే రూలు. దీనివల్ల నాకు బేరాలు పోయాయి. కొందరు ఆశపోతు అన్నారు, ఒకాయన మొహం మీదే దొంగ అన్నాడు. అననీ. వ్యాపారం చేసేవాడు ఆ మాత్రం మాట పడలేకపోతే గల్లాపెట్టె ముందు కూర్చోవడం దండగ.

మొన్న ధూళిమిట్ట నుంచి ఒక టీము కెప్టెన్ వచ్చాడు. పాతికేళ్ళవాడు, మాటకారి. రంగు ఎంచుకున్నాడు, గుడ్డ వేళ్ళతో నలిపి చూశాడు, బేరం కూడా తేలింది. పదహారు అనేసరికి ఆగిపోయాడు. ఆడేది పదకొండు మందే గదన్నా, కూసునెటోళ్ళకు కొత్త అంగీలెందుకు అన్నాడు. అప్పుడే అతని చేతిలోని ఫోన్లో ఏదో విదేశీ మ్యాచ్ నడుస్తోంది. కెమెరా బెంచీ వైపు తిరిగింది. మెడ దాకా దుప్పటి కప్పుకుని ఒక ఆటగాడు ఆవలిస్తున్నాడు. కెప్టెన్ ఫోను నా వైపు తిప్పి, "గీడు సీజనంత కూసునే ఉన్నడన్నా. గీనికి గూడ జీతమిస్తరా?" అని అడిగాడు.

ఇస్తారు. వారం వారం ఇస్తారు. కాలు విరిగి మంచంలో ఉన్నా ఇస్తారు, సెలవుల్లో సముద్రం ఒడ్డున పడుకున్నా ఇస్తారు. ఎందుకిస్తారో సిద్దిపేటలో దర్జాగా చెప్పగలిగిన మనిషి ఒక్కరే ఉండేవారు. ఆయన పోయి ఏడాది కావస్తోంది. ఊరంతా ఆయన్ని చాచా అనేది. ముందు ఒకరకంగా, వెనక ఒకరకంగా మాట్లాడే ఊరు కాబట్టి, వెనక మాత్రం 'కూసున్న జీతపు చాచా' అనేది. ఆ సంగతి ఆయనకు తెలుసు. తెలిసీ ఆ పేరును ఆయన బిరుదులా మోశారు.

ఆయన బతుకుతెరువు మోటారుసైకిళ్ళ సీట్లు కుట్టడం. నా దుకాణానికి నాలుగు అడుగుల దూరంలో, రేకుల కింద, ఒక పాత కుట్టుమిషను, గోడకు వేలాడే రెగ్జిన్ చుట్టలు, స్పాంజి ముక్కలు. చిరిగిన సీటుతో వచ్చిన మనిషిని ఆయన ముందు నిలబెట్టి, ఎగాదిగా చూసి, రోజుకు ఎంత దూరం తిరుగుతావు, వెనక ఎవరు కూర్చుంటారు అని అడిగి, దాన్నిబట్టి స్పాంజి కోసేవారు. కూర్చోవడం గురించి నాకు తెల్సినంత జిల్లాల ఎవనికి తెల్వది అని ఆయనే నవ్వేవారు. ఎదుటివాడు చేసే వేళాకోళం తానే ముందు చేసుకుంటే వాడి నోట్లో ఏమీ మిగలదని ఆయన లెక్క.

నిజం చెప్పాలంటే, మ్యాచ్ జరుగుతుండగా ఆయన కూర్చోగా నేను ఏనాడూ చూడలేదు. నేను ఆడిన రోజుల్లో మా సిద్దిపేట టీములో ఆయన రెండో గోలీ, అంటే గోల్‌కీపరు. అప్పటికే ఆయన గడ్డం సగం నెరిసింది. మొదటి గోలీ ఆయన కొడుకు వయసువాడు. అయినా ప్రతి ఆదివారం అందరికంటే ముందు గ్రౌండుకు వచ్చి, పదహారో నంబరు జెర్సీ వేసుకుని, బూట్ల లేసులు రెండు ముడులు వేసి, గ్లౌజులు తొడుక్కునేవారు. ఇక రెఫరీ మొదటి విజిల్ నుంచి చివరి విజిల్ దాకా గీత పక్కన అటూ ఇటూ పరుగు, వంగడం, ఎగరడం, లేని బంతిని పట్టడం. చూసేవాళ్ళు నవ్వేవారు. ఆయన చూపు మాత్రం బంతిని వదిలేది కాదు.

గ్లౌజులు తొడిగారంటే డ్యూటీ ఎక్కినట్టే. ఫోన్ ఎత్తరు. సలాముకు తల ఊపి ఊరుకుంటారు. ఇంటర్వెల్లో చాయ్ ఇస్తే ఆ లావుపాటి గ్లౌజుల చేతులతోనే గ్లాసు పట్టుకుని, కాలినా తెలియకుండా తాగేవారు. ఒకసారి ఎవరో బండి సీటు పని మాట్లాడటానికి వస్తే, గ్లౌజులు చూపించి, ఇవి ఇప్పినంక రా అన్నారు. ఆట అయ్యాక వాటిని దులిపి, తడిగుడ్డతో తుడిచి, ఇంట్లో మంచం పక్కనున్న మేకుకు తగిలించేవారు. ఆ మేకుకు వేరే వస్తువు తగిలిస్తే ఇంట్లో లొల్లి అయ్యేదని చాచీ చెప్పేది.

ఇంత తయారై ఆయన మా టీము తరఫున ఆడింది ఎంత అంటే, చెప్పుకునేటంత లేదు. ఆడలేక మద్దెల ఓడన్నట్టు ఏదో సాకు చెప్పే మనిషైతే నేనూ నవ్వి ఊరుకునేవాణ్ణి. ఆయన సాకులు చెప్పలేదు. మొదటి గోలీ నాకంటె మంచోడు, వాడే ఆడాలె అనేవారు. అది కోపంతోనో బాధతోనో అనే మాట కాదు. బిల్లు లెక్క చెప్పినట్టు చెప్పేవారు.

ఆయన కథ ఊరందరికీ తెలుసు, ఎందుకంటే ఆయనే చెప్పేవారు. మీసాలు సరిగా మొలవని వయసులో హైదరాబాదులో ఏదో టోర్నమెంట్‌లో ఎవరో చూసి, కలకత్తాలో ఒక క్లబ్బుకు తీసుకుపోయారు. రెండు సీజన్లు కాంట్రాక్టు. అక్కడా రెండో గోలీయే. మొదటి గోలీకి రాయిలాంటి ఆరోగ్యం. పడిశం కూడా పట్టని మనిషి. ఆ భాయ్ మంచిగుండాలె అని రోజు దువా చేసేటోణ్ణి, నిజం జెప్పాలంటె ఒక్కోసారి జర జలుబు రావాలె అని గూడ అడిగిన అని చాచా ఒప్పుకునేవారు. ఒక్కసారి ఆ గోలీ కంట్లో మట్టి పడి, ఈయన్ని లోపలికి పంపారట. ఈయన గోలు ముందు నిలబడ్డ కాసేపటికే కుండపోత వాన. రెఫరీ ఆట ఆపేశాడు. ఆ మ్యాచ్ మళ్ళీ మొదటి నుంచి ఆడించారు, పాత గోలీతో. అంటే ఆ కాసేపు కూడా లెక్కలోకి రాలేదు. అల్లా నా రికార్డు సాఫ్ ఉంచిండు అని నవ్వేవారు.

మరి జీతం? ఇచ్చారు. నెల నెలా ఇచ్చారు. గది, భోజనం వేరే. గెలిచిన రోజు ఆడినవాళ్ళకు పూర్తి బోనసు, బెంచీ మీదున్న వాళ్ళకు సగం, అసలు జట్టులోకే రాని వాళ్ళకు నెల జీతం మాత్రం. ప్రాక్టీసులో ఈయన వేలు విరిగితే, దవాఖాన ఖర్చు పెట్టుకుని, చేయి కట్టుతో ఉన్నన్ని రోజులూ జీతం ఆపకుండా ఇచ్చారు. సీజన్ అయిపోతే మాత్రం ఏమీ లేదు. ఆ ఖాళీ నెలల్లోనే సిద్దిపేట వచ్చి, మేనమామ దగ్గర సీట్లు కుట్టడం నేర్చుకున్నారు. ఇంకో సంగతి కూడా చెప్పేవారు. ఆయన గదిలోనే ఉండే ఒక ఆటగాడు క్లబ్బుకు తెలియకుండా రైలెక్కి పోయి, ఏదో పల్లెటూరి టీముకు కిరాయికి ఆడి, కాలు విరగ్గొట్టుకుని వచ్చాడట. క్లబ్బువాళ్ళు జీతం ఆపేశారు. నువ్వు మా గ్రౌండులో పడలేదు, పరాయి గ్రౌండులో పడ్డావు అన్నారట. ఈ సంగతి చెప్పేటప్పుడు చాచా క్లబ్బును తిట్టేవారు కాదు. యాడ పడ్డడు అన్నదే లెక్క, గదే రూలు అని తేల్చేసేవారు. రూలంటే ఆయనకు అంత నమ్మకం.

ఈ కథ మీద చాయ్ హోటల్లో వాదనలు జరగని వారం ఉండేది కాదు. కూసుండి తింటె గుట్టలు గూడ కరుగుతయి చాచా అని ఒకడు అందించేవాడు. గుట్టలు కరగలే, కోమటిచెరువు కట్ట మీద ఉరికి ఉరికి నేనే కరిగిన అని ఈయన అందుకునేవారు. ఒకసారి ఒక రిటైర్డ్ ఉద్యోగి కొంచెం ఘాటుగానే, పని చేయకుండా తీసుకున్న జీతం హరాం కాదా సాబ్ అని అడిగాడు. అది నవ్వులాట మాట కాదు. చాచా గ్లాసు కింద పెట్టి, తాపీగా జవాబు చెప్పారు.

"ఫైరింజనోళ్ళు దినమంత కూసుంటరు. మంట అంటుకున్న నాడే జీతమిస్తం అంటె ఏం జేస్తరో తెల్సా? వాళ్ళే అగ్గిపుల్ల గీస్తరు. ఆడిన నాడే పైసలంటె ఆటగాడు గూడ గంతే. ఇరిగిన కాలును గూడ ఇరగలేదంటడు. జీతం ఆడినందుకు గాదు సాబ్, తయారుగ ఉన్నందుకు."

ఆ పెద్దమనిషి చాయ్ డబ్బులు ఇద్దరివీ తానే ఇచ్చి వెళ్ళాడు. విదేశాల్లో ఆటగాణ్ణి ఇంకో క్లబ్బుకు లోన్ మీద పంపుతారంటే ఎవరికీ అర్థం కాకపోతే కూడా ఆయనే విప్పి చెప్పారు. ఎద్దును ఏడాదికి వేరేవాడికి ఇచ్చినట్టు, దున్నేది వాడి పొలం, గడ్డి మాత్రం సగం వీడు వేస్తాడు, సగం వాడు వేస్తాడు, ఎద్దు మాత్రం పస్తుండొద్దు. మా ఊరు కొండపాక నుంచి వచ్చే రైతులకు అంతకంటే బాగా ఎవరు చెప్పగలరు?

ఇంత చెప్పిన మనిషికి మా టీములో దొరికేది ఏమిటంటే ఒక బిర్యానీ పొట్లం. మా దగ్గర ఆచారం అది. ఊళ్ళ మధ్య టోర్నమెంట్లలో గెలిచిన సొమ్ము ఆడినవాళ్ళే పంచుకునేవారు. బెంచీ వాళ్ళకు బిర్యానీ, బస్సు కిరాయి. ఎవరూ దాన్ని అన్యాయం అనుకోలేదు. చాచా ఒక్కరే ప్రతి ఏడూ సీజన్ మొదటి మీటింగులో లేచి, జెర్సీ ఏసుకున్నోళ్ళందరికి సమానంగ ఇయ్యాలె అనేవారు. మా కెప్టెన్, కరెంటు పనులు చేసే మనిషి, ప్రతి ఏడూ ఒకే మాట అనేవాడు: అది కలకత్తా చాచా, ఇది సిద్దిపేట. అందరం నవ్వేవాళ్ళం. నేనూ నవ్వేవాణ్ణి. నేను సెంటర్ ఫార్వర్డును, పేరు రాయక ముందే నా చోటు ఖాయం. బెంచీ సంగతి నాకెందుకు?

ఆ నవ్వు నాకే తిరిగి తగిలింది. ఒక ఏడాది సెమీఫైనల్లో, ఎవరూ తోయకుండానే, బంతి తిప్పబోయి నా ఎడమ మోకాలు మెలిక పడింది. లోపల ఏదో కదిలినట్టయింది. ఆట చివరికి వచ్చింది కాబట్టి ఎలాగో నెట్టుకొచ్చాను. తెల్లారేసరికి మోకాలు బత్తాయి కాయంత ఉబ్బింది. వచ్చే ఆదివారమే ఫైనలు.

అప్పుడు మా ఇల్లు కొండపాకలో. మా నాయిన కల్లు గీసేవాడు. ఆ ఎండాకాలం ఆయన తుంటి ఎముక విరిగి మంచంలో ఉన్నాడు. నేను సిద్దిపేటలో ఒక బట్టల కొట్లో సేల్స్‌మన్‌గా పని చేస్తున్నాను. ఆటలో వచ్చేదీ, కొట్లో వచ్చేదీ కలిస్తేనే ఇల్లు గడిచేది. ఫైనలు ఆడకపోతే నా చేతికి బిర్యానీ పొట్లం వస్తుంది. అందుకని నేను అచ్చం చాచా చెప్పిన పనే చేశాను. మోకాలికి రెండు పట్టీలు బిగించి, పైన పొడుగు ప్యాంటు వేసి, ఏమీ కాలేదన్నాను. ప్రాక్టీసుకు పోయి, నొప్పి తెలియకుండా జోకులు కూడా వేశాను.

కెప్టెన్ నమ్మాడు. చాచా నమ్మలేదు. నేను ఎప్పుడూ నిలబడే సాక్సు తొడుక్కుంటాను, కొంగలాగ ఒంటికాలి మీద. ఆ రోజు గట్టు మీద కూర్చుని తొడుక్కున్నాను. అదే చూశారాయన. గ్రౌండు పక్కకు పిలిచి, మోకాలు చూపియ్యి బేటా అన్నారు. వద్దన్నా వినకుండా పట్టీ విప్పి, బొటనవేలితో ఒకచోట నొక్కారు. నేను పళ్ళు బిగబట్టి ఊరుకున్నాను గాని నా మొహం ఊరుకోలేదు. గీ ఆదివారం ఆడితె నువ్వు మళ్ళ ఆడవు అన్నారు. ఆడకపోతే నాకు వాటా ఎవరిస్తారు చాచా, నువ్విస్తావా అన్నాను. కొంచెం కోపంగానే అన్నాను.

మర్నాడు పొద్దున నేను ఇంకా కొట్టుకు బయలుదేరలేదు, మా ఇంటి ముందు పాత మోపెడ్ చప్పుడు. చాచా. సిద్దిపేట నుంచి కొండపాక దాకా దాని మీద వచ్చారంటేనే పెద్ద సాహసం. మా నాయిన రేకుల పందిరి కింద మంచంలో ఉన్నాడు. ఇద్దరికీ అంతకుముందు ముఖపరిచయం లేదు. మా అవ్వ, అంటే అమ్మ, స్టూలు వేసి చాయ్ ఇచ్చింది. ఆయన స్టూలు మంచం దగ్గరికి జరుపుకుని, తిరుగుడు మాటలేమీ లేకుండా సంగతంతా చెప్పేశారు. మోకాలు ఉబ్బిన సంగతి, నేను దాచిన సంగతి, ఆడకపోతే వాటా రాదన్న సంగతి. నాకు భూమిలోకి పోయినంత పనైంది.

నాయిన అంతా విని నన్ను తిట్టలేదు. ఆయనకు ఆశ్చర్యం వేసింది ఇంకో విషయానికి. దెబ్బ తగిలినోనికి వాటా ఇయ్యరా, మరి గదేం టీమురా అని అడిగాడు. అదే సమయానికి మా వాడకట్టు గీత కార్మికులు ఇద్దరు, చెట్టెక్కే మోకులు భుజాన వేసుకుని, వాకిట్లోకి వచ్చారు. నాయిన చెట్ల కల్లు అమ్మగా వచ్చింది అవ్వ చేతిలో పెట్టి, నాయిన కాలు ఎట్లుందో అడిగి, వెళ్ళిపోయారు. మా ఇంట్లో అది రోజూ జరిగేదే కాబట్టి నేను దాన్ని ఎప్పుడూ పట్టించుకోలేదు. చాచా మాత్రం వాళ్ళు వీధి మలుపు తిరిగే దాకా చూసి, అదేమిటని నాయినను అడిగారు.

"నేను మంచం పట్టినకాడికెళ్ళి నా చెట్లు వాళ్ళే గీస్తుండ్రు భాయ్‌సాబ్. గీసి నా వాటా నాకు తెచ్చిస్తుండ్రు. రేపు వాళ్ళల్ల ఒకడు పడితె వాని చెట్లు నేనెక్కుత. మా తాతల నాటికెళ్ళి గంతే."

"చెట్టు మీదికెళ్ళి పడ్డందుకు ఇస్తుండ్రు. పనిల పడ్డవు గద," అన్నారు చాచా. ఆయన రూలు ఆయనను వదలదు.

నాయిన పకపకా నవ్వాడు. తుంటి నొప్పికి మధ్యలో మూలిగి మళ్ళీ నవ్వాడు. "చెట్టు మీదికెళ్ళి యాడ పడ్డ? సైకిల్ మీదికెళ్ళి పడ్డ, కల్వర్టు కాడ, సుట్టాలింటికి పోయొస్తుంటె. యాడ పడ్డవని ఎవ్వడన్న అడిగిండా? పడ్డోడు మనోడా కాదా, గంతే చూసిన్రు."

చాచా స్టూలు ఇంకొంచెం దగ్గరికి జరిపారు. తర్వాత నాయిన చేయి పట్టుకుని, గౌడన్నా, గీ ముచ్చట మావోళ్ళకు జెప్తె ఏమనుకోవు గద అని అడిగారు. చెప్పుకో, ఇండ్ల దాపరికం ఏమున్నది అన్నాడు నాయిన.

ఆ సాయంత్రం గ్రౌండులో చాచా కలకత్తా ఊసే ఎత్తలేదు. అందరినీ గుండ్రంగా కూర్చోబెట్టి, మా వాకిట్లో చూసింది చూసినట్టు చెప్పారు. మా టీములో సగం మంది గీత కార్మికుల ఇళ్ళవాళ్ళే. ఆ ఆచారం వాళ్ళందరి ఇళ్ళలోనూ ఉంది. ఉందని తెలిసీ అది ఆటకు కూడా పనికొస్తుందని ఒక్కడికీ తట్టలేదు. కెప్టెన్ ఇది సిద్దిపేట అని నోరు తెరవబోయి ఆగిపోయాడు. సిద్దిపేట మాటే కదా ఇది. చాచా చివరికి ఒక్క మాట అన్నారు.

"తాటిచెట్లెక్కేటోళ్ళు, పానం మీదికి తెచ్చుకొని గీసింది పడ్డోనికిస్తుండ్రు. బాలు తన్నేటోళ్ళం, మనకు ఇయ్యొస్తలేదా?"

కెప్టెన్ తల గోక్కుని, సరే, జెర్సీ వేసుకున్న పదహారు మందికీ సమానం అన్నాడు. ఏళ్ళ తరబడి కలకత్తా క్లబ్బు సాధించలేనిది మా నాయిన కల్వర్టు దగ్గర పడి సాధించాడు.

ఫైనల్లో మేము ఒక్క గోలు తేడాతో ఓడిపోయాం. అది కూడా దాచను. నేను ఆడి ఉంటే ఏమయ్యేదో అని కొందరు గొణిగారు, ఒకడు వినపడేటట్టే గొణిగాడు. ఆ రోజు చాచా నన్ను ఇంట్లో ఉండనివ్వలేదు. జెర్సీ, బూట్లు వేయించి, గీత పక్కన కుర్చీ వేయించి, కాలు చాపించి కూర్చోబెట్టారు. తాను మాత్రం ఎప్పటిలాగే గ్లౌజులతో అటూ ఇటూ ఉరికారు. బయట నుంచి ఆట చూడటం నాకు అదే మొదటిసారి. బంతి మనవాడి కాలి దగ్గరకు వచ్చిన ప్రతిసారీ నా కాలు కూడా కదిలింది. చివరికి, ఒక్క అడుగూ వేయకపోయినా, చెమటతో జెర్సీ తడిసిపోయింది. అది చూసి చాచా, ఇగ సమజయిందా అన్నారు. ఓడిన జట్టుకు వచ్చేది తక్కువే, అయినా కెప్టెన్ మాట తప్పలేదు. నా వాటా నాకిచ్చాడు, చాచా వాటా చాచాకిచ్చాడు. సిద్దిపేటలో ఆయనకు ఆటలో వచ్చిన మొదటి సంపాదన అది. ఆయన దాన్ని జేబులో పెట్టుకునే తీరు చూడాలి. కప్పు గెలిచినవాళ్ళు కూడా అంత దర్జాగా నడవలేదు.

ఆ మోకాలితోనే తర్వాత చాలా సీజన్లు ఆడాను, గోల్స్ కొట్టాను. ఇవ్వాళ దుకాణంలో పైఅర మీది డబ్బా అందుకోవడానికి నిచ్చెన ఎక్కిన ప్రతిసారీ ఆ బొటనవేలు గుర్తొస్తుంది. ఆయనకు నేను రుణపడ్డానని చెప్పడానికి నాకు సిగ్గేమీ లేదు.

రెండేళ్ళ కింద చాచా ఒక తెల్లవారుజామున నమాజుకు వజూ చేసుకోబోయి బాత్రూంలో పడిపోయారు. పక్షవాతం. కుడివైపు పడిపోయింది, మాట కొంచెం ముద్దగా వచ్చేది. అప్పటికి నేను ఆడటం మానేసి టీము వ్యవహారాలు చూస్తున్నాను. పదహారో జెర్సీ ఎవరికివ్వాలన్న మాట ఎవరూ ఎత్తలేదు. పదిహేను మందితోనే బరిలోకి దిగాం. ఆ ఏడాది మేము కప్పు గెలిచాం. వాటాలు పదహారు చేశాం. చాచా వాటా కవర్లో పెట్టుకుని, స్వీటు డబ్బా పట్టుకుని, నేను వాళ్ళింటికి పోయాను.

చాచీ దిండ్లు ఎత్తు చేసి ఆయన్ని ఆనించి కూర్చోబెట్టింది. మ్యాచ్ కథంతా అడిగి అడిగి చెప్పించుకున్నారు. రెండో గోలీ ఎవడు, వార్మప్ చేసిండా లేదా అని కూడా అడిగారు. స్వీటు తిన్నారు. కవరు చూడగానే మొహం గట్టిపడింది. ఎడమ చేత్తో దాన్ని నా వైపు నెట్టేశారు.

"నేను తయారుగ లేను బేటా. తయారుగ లేనోనికి జీతం లేదు. గది నేనే చెప్పిన."

దెబ్బ తగిలినవాడికి జీతం ఆపరని కూడా నువ్వే చెప్పావు కదా చాచా అన్నాను. ఆయన తల అడ్డంగా ఊపారు. అది గ్రౌండులో తగిలితే. తాను పడింది బాత్రూంలో. యాడ పడ్డడు అన్నదే లెక్క. ఒక్కొక్క మాటా కూడదీసుకుని చెప్పారు. జాలితో ఇస్తున్నామనుకుంటే ఆయన ఆ కవరు ముట్టరు. ముట్టకపోతే, ఇన్నేళ్ళు తలెత్తుకుని చెప్పిన మాట ఆయనను బయట నిలబెట్టి తలుపు వేసినట్టవుతుంది. అంత మనిషి టీముకు బయటివాడు కావడం నేను తట్టుకోలేను. చాచీ వైపు చూశాను. ఆమె తల వంచుకుంది. అప్పుడు మా నాయిన నవ్వు గుర్తొచ్చింది.

"మా నాయిన యాడ పడ్డడో యాదికున్నదా చాచా?" అన్నాను.

ఆయన నా మొహం చూశారు. మెల్లగా ఎడమవైపు పెదవి ఒక్కటే నవ్వింది. "కల్వర్టు కాడ," అన్నారు. తర్వాత చూపు తిప్పి, మంచం పక్కన మేకు వైపు గడ్డం ఎత్తి చూపించారు.

చాచీకి అర్థమైంది. గ్లౌజులు తీసి, కొంగుతో దుమ్ము తుడిచి, ముందు ఎడమ చేతికి తొడిగింది. కుడి చేయి ఒళ్ళో చచ్చుబడి పడి ఉంది. దాన్ని తన ఒళ్ళోకి తీసుకుని, ముడుచుకుపోయిన వేళ్ళు ఒక్కొక్కటీ సాపు చేసి, ఓపిగ్గా ఆ గ్లౌజులోకి దించింది. ఆయన ఎడమ చేత్తో కుడి చేతిని కింద నుంచి ఆనించి పైకెత్తారు. వీపు దిండు నుంచి కొంచెం ముందుకు వచ్చింది. గోలు ముందు నిలబడినప్పుడు బంతి కోసం చాపినట్టు, రెండు చేతులూ నా ముందుకు చాపారు.

"ఇగ ఇయ్యి," అన్నారు, "డ్యూటీల ఉన్న."

నేను లేచి నిలబడి, రెండు చేతులతో ఇచ్చాను.